అన్న నత్తిని నవ్వులకు అమ్ముకున్నాను

ప్రభువునందు ప్రియమైన సహోదరులారా, సహోదరీలారా, మీలో చాలామంది నా ముఖం ఎరుగుదురు, పేరు మాత్రం ఎరుగరు. ఇరవై రెండేళ్లుగా సినిమాల్లో, టీవీ సీరియళ్లలో నేను పోలీస్ స్టేషన్లో కానిస్టేబుల్‌ని, అపార్ట్‌మెంట్ గేటు దగ్గర వాచ్‌మన్‌ని, పెళ్లిలో అలిగిన మేనమామని, తెల్లగుడ్డ కప్పిన శవాన్ని కూడా! బస్టాండులో నన్ను చూసినవాళ్లు ఆగి, మిమ్మల్ని ఎక్కడో చూశామండీ అంటారు, బ్యాంకులో పనిచేస్తారా అని అడుగుతారు, చివరికి ఎవరో తేల్చుకోకుండానే వెళ్లిపోతారు. నా పేరు దావీదు. మాది బెల్లంపల్లి. బొగ్గుబావి కార్మికుని కొడుకుని.

ఈ సాక్ష్యం రాసి ఇమ్మని మా మందిరం పాస్టరు అయ్యగారు చాలాకాలంగా అడుగుతున్నారు, రాయడానికి కూర్చున్న ప్రతిసారీ సిగ్గుపడి లేచిపోయాను. తాగుడు నుండి విడుదల పొందినవాళ్లవి, రోగపు మంచం మీద నుండి లేచినవాళ్లవి ఈ పత్రికలో ఎన్నో చదివాను, అవి చదువుతుంటే ఆ మనుషుల మీద జాలి కలిగేది. నాది చదివితే మీకు నా మీద జాలి కలగకపోవచ్చు. అయినా దాచకుండా చెబుతాను, దాచిపెట్టినంత కాలం అది నన్ను లోపలినుండి తినేసింది గనుక.

నాకు ఒక్కడే అన్న, పేరు యోహాను, నాకంటే పదేళ్లు పెద్ద. చిన్ననాటి నుండి ఆయనకు నత్తి. అన్ని మాటలకూ కాదు, పెదవులు కలిసే మాట వచ్చిందంటే, ముఖ్యంగా 'ప' అన్న అక్షరం వచ్చిందంటే అక్కడ ఆగిపోతాడు, కుడిచేత్తో తొడ మీద కొట్టుకుంటాడు, కళ్లు గట్టిగా మూసుకుంటాడు, గడ్డం పైకెత్తుతాడు, తీరా మాట బయటపడ్డాక ఏదో బరువు దించినవాడిలా చిన్నగా నవ్వుతాడు. నాకు ఆరేళ్లు వచ్చేసరికి కిరాణా కొట్టుకు వెళ్లినా, బావి ఆఫీసుకు వెళ్లినా నన్ను వెంట తీసుకుపోయేవాడు, ఎందుకంటే ఆయన మాట ఆగిన చోట మిగిలిన మాట నేను చెప్పేవాణ్ని. ఆయన ముఖం చూసి ఏ మాట రాబోతుందో కనిపెట్టేవాణ్ని. మా క్వార్టర్ల వాళ్లు నన్ను "యోహాను నోరు" అని పిలిచేవారు. మనిషి ముఖాన్ని చూడటం నాకు అక్కడే అబ్బింది, సహోదరులారా! నటన నేర్పింది ఎవరని విలేకరులు అడిగితే ఎవరెవరి పేర్లో చెప్పాను, అన్న పేరు ఒక్కసారి కూడా చెప్పలేదు.

హైదరాబాదు పోయి వేషాలు వేస్తానంటే మా నాన్న, మా బాపు ససేమిరా అన్నాడు. ఆ రోజు అన్న బాపు ఎదుట నిలబడి "పో... పో..." అని ఎంతసేపు తొడ కొట్టుకున్నాడో నాకు ఇంకా కళ్లకు కట్టినట్టుంది. బాపు తల వంచుకుని వింటూ కూర్చున్నాడు. "పోనియ్యి బాపూ, నేనున్న గద" అన్న ఆ ఒక్క మాటతో నాకు దారి దొరికింది. అప్పటికే అన్న శ్రీరాంపూర్ బావిలో పనికి కుదిరాడు. బాపు, మమ్మల్ని కన్న అవ్వ పోయేదాకా ఇద్దర్నీ ఆయనా, మా మరియమ్మ వదినే చూసుకున్నారు. నేను కృష్ణానగర్ గల్లీల్లో ఫోటోలు పట్టుకుని తిరిగాను.

చిన్న చిన్న వేషాలతోనే ఏళ్లు గడిచాయి. ఒక సీరియల్లో పెద్దింటి వంటవాడి పాత్ర వచ్చింది. మొదటి రోజు డైరెక్టర్ నన్ను పక్కకు పిలిచి, "ఉత్త వంటవాడైతే ఎవరు చూస్తారు దావీదూ? ఏదైనా కొత్తగా పట్టుకురా, లేకపోతే పది ఎపిసోడ్లలో నిన్ను ఊరికి పంపించేస్తాను" అన్నాడు. భోజనం వేళ అందరూ తింటుంటే నేను మేకప్ గదిలో అద్దం ముందు నిలబడ్డాను. ఎక్కువసేపు వెతకలేదు, నా చెయ్యి దానంతట అదే తొడ మీదికి పోయింది! కళ్లు మూశాను, గడ్డం ఎత్తాను, "ప... ప... పప్పు మాడిపోయిందమ్మగారూ" అన్నాను. కెమెరా ముందు అదే చేస్తే యూనిట్ అంతా పగలబడి నవ్వింది, కెమెరా పట్టుకున్నతను నవ్వు ఆపుకోలేక మళ్లీ తీద్దాం అన్నాడు. ఇన్నేళ్లలో నా కోసం ఒక షాట్ మళ్లీ తీయడం అదే మొదటిసారి. ఆ సంతోషంలో నేనేం చేశానో నాకు తెలుసు. తెలియక చేశానని ఇవాళ చెబితే అది అబద్ధమవుతుంది.

ఆ ఎపిసోడ్ వచ్చినరోజు నా భార్య శాంత నా పక్కనే కూర్చుని చూసింది, నవ్వలేదు.

"గిది మా బావ గదా!" అంది.

"నటన" అన్నాను.

"నటన గాదు, మా బావనే. చెయ్యి గూడ గట్లనే కొట్టుకుంటడు. ఆయన చూస్తే ఎట్లుంటదో నువ్వు సోంచాయించినవా?" అంది, లేచి లోపలికి వెళ్లిపోయింది.

అన్న చూశాడు. మా మరిది టీవీలో వస్తాడని వదిన చుట్టుపక్కల క్వార్టర్ల వాళ్లందర్నీ ఇంటికి పిలిచిందట, ఇల్లు నిండిపోయిందట. మరునాడు అన్న ఫోన్ చేశాడు. "మ... మంచిగ చేసినవ్ తమ్మీ" అన్నాడు, ఆ తర్వాత ఏమీ అనలేదు, ఫోన్ పెట్టేయనూ లేదు. ఆ మౌనం నాకు అర్థమైంది. షూటింగుకు పిలుస్తున్నారన్నా అని నేనే అబద్ధమాడి పెట్టేశాను. ఆ తర్వాత ఆయన ఫోన్లు తగ్గిపోయాయి, నేను కూడా చేయలేదు. ఆయనకు అంతగా తెలియదులే, అమాయకుడు అని నాకు నేనే చెప్పుకున్నాను. అయ్యో, ఎంతటి మాట! నా గుండె ఎంత మొద్దుబారిపోయిందో చూడండి!

ఆ "ప... ప... పప్పు" ఇల్లిల్లూ తిరిగింది. ఫోన్లలో చిన్న చిన్న వీడియోలు చేసి పంపుకున్నారు. మరుసటి సంవత్సరం క్రిస్మస్ కూడికకు మా బెల్లంపల్లి మందిరంవాళ్లు నన్ను పిలిచి సన్మానం చేశారు. నేను చిన్నప్పుడు గొర్రెల కాపరి వేషం కట్టిన వేదిక అది. నాకు శాలువా కప్పారు, దండ వేశారు, యౌవనస్థులు లేచి "అన్నా, పప్పు! పప్పు!" అని అరిచారు. అన్న మూడో వరుసలో తెల్లచొక్కా తొడుక్కుని కూర్చున్నాడు. నేను చూశాను, నాకు కనిపించాడు. వద్దు అని చెప్పడానికి ఒక్క క్షణం చాలు, ఆ క్షణం నాకు ఉంది. నేను మైకు ఎడమ చేతికి మార్చుకుని, కుడిచేత్తో తొడ కొట్టుకుని, కళ్లు మూసుకుని, గడ్డం ఎత్తి, దేవుని మందిరంలో, మా అన్న ఎదుట, మా అన్నను చేసి చూపించాను!

నవ్వులతో మందిరం దద్దరిల్లింది. కొందరు నన్ను చూసి నవ్వారు, కొందరు వెనక్కి తిరిగి అన్నను చూసి నవ్వారు. అన్న కూడా నవ్వాడు, అందరితో పాటు చప్పట్లు కొట్టాడు.

ఆ మరుసటి వర్షాకాలంలో ఒక ఉదయం పళ్లు తోముకుని నోట్లో నీళ్లు పోసుకుంటే ఎడమ పక్కనుండి కారిపోయాయి. అద్దంలో చూసుకుంటే నోరు కుడివైపుకు గుంజుకుపోయింది, ఎడమ కన్ను మూయబోతే మూతపడలేదు, నుదురు ఒక పక్కే ముడుచుకుంటుంది. శాంత భయంతో కేక వేసింది. డాక్టరు పరీక్షించి, ఇది పక్షవాతం కాదు, ముఖం నరం వాచింది, చాలామందికి కొన్ని వారాల్లో, కొన్ని నెలల్లో నయమవుతుంది, కొందరికి పూర్తిగా నయం కాదు అని చెప్పాడు. మాత్రలు ఇచ్చాడు, కంట్లో చుక్కలు వేసుకోమన్నాడు, ముఖానికి వ్యాయామం చేయమన్నాడు. ముఖమే పనిముట్టు అయినవాడికి ఇంతకంటే పెద్ద దెబ్బ ఏముంటుంది? వారం తిరక్కుండానే సీరియల్లో వంటవాడు తీర్థయాత్రకు పోయాడని ఒక మాట చెప్పించి, ఇంకొక వంటమనిషిని తెచ్చారు. పరామర్శకు వచ్చినవాళ్లు ఇద్దరే.

అన్నిటికంటే నన్ను కుంగదీసింది ఇంకొకటి ఉంది. పెదవులు కలవడం లేదు గనుక నాకు 'ప' పలకడం లేదు! 'బ' పలకడం లేదు, 'మ' పలకడం లేదు. గాలి పక్కనుండి పోతుంది, ఎంత ప్రయత్నించినా మాట కాదు. శాంతను మంచినీళ్లు అడగడానికి గ్లాసు చూపించాల్సి వచ్చింది. నేను గదిలోకి పోయి తలుపు వేసుకున్నాను, అద్దం మీద తువ్వాలు కప్పాను, ఎవరి ముఖమూ చూడలేదు. చచ్చిపోవాలన్న తలంపు కూడా వచ్చింది, దాచను.

శాంత మా వదినకు ఫోన్ చేసింది. పిలవకుండానే రెండో రోజు మధ్యాహ్నం అన్న మా ఇంటి గుమ్మంలో నిలబడ్డాడు. రిటైరయి అప్పటికి ఏడాది అయింది, జుట్టంతా నెరిసింది. నా ముఖం చూసి, తన చెయ్యి నా వంకరపోయిన చెంప మీద పెట్టి, "ఇంటికి పో... పోదాం నడువు తమ్మీ" అన్నాడు. టీచరుగా పనిచేసే శాంతకు స్కూల్లో పరీక్షల సమయం, సెలవు దొరకలేదు, మీరిద్దరూ పోండి అని బట్టలు సర్దింది.

సికింద్రాబాదులో రైలెక్కాం. నేను మఫ్లరు ముఖానికి చుట్టుకుని కిటికీ పక్కన కూర్చున్నాను. ఎదుటి సీట్లో పెద్దపల్లికి పోయే బట్టల వ్యాపారి ఒకాయన నన్ను పోల్చుకున్నాడు, ఫోన్ పైకెత్తి, "సార్, మీరు గా వంటాయన గదా! ఒక్కపారి గా పప్పు మాట అనున్రి సార్, మా ఇంటామెకు పంపుత, జర ఖుషీ అయితది" అన్నాడు. నేను తల అడ్డంగా ఊపాను. ఆయన వదలలేదు. అప్పుడు అన్న కల్పించుకుని, "వానికి పా... పా... పానం మంచిగ లేదు" అన్నాడు, చెయ్యి తొడ మీద పడుతూనే ఉంది.

ఆ పెద్దమనిషి నవ్వేశాడు. "అరె! మీరు గూడ అచ్చం గాయన లెక్కనే అంటున్నరు గద!"

అన్న కోపం లేకుండా ఆయనను చూసి, "వాడు నా దగ్గరనే నేర్చుకున్నడు" అన్నాడు. ఆ మాట ఎక్కడా ఆగకుండా వచ్చింది.

వ్యాపారి నవ్వు ఆగిపోయింది. మా ఇద్దరి ముఖాలు మార్చి మార్చి చూశాడు, ఫోన్ జేబులో పెట్టుకున్నాడు. పెద్దపల్లిలో దిగేటప్పుడు అన్న చెయ్యి పట్టుకుని "పోయొస్త అన్నా" అన్నాడు. నా వైపు చూడలేదు. నేను మఫ్లరు లోపల ఏడ్చాను, అన్న చూసి కూడా చూడనట్టు కిటికీ బయటికి చూశాడు.

ఆ ఆదివారం వదిన ఒక్కతే మందిరానికి బయలుదేరింది. అన్న వాకిట్లో కూర్చుని చిక్కుడుకాయలు తుంచుతున్నాడు. పాతికేళ్లుగా ఆదివారం వాక్యం చదివేది అన్ననే. నత్తి ఉన్నా సరే, ఎంతసేపు పట్టినా సరే, మా పాత అయ్యగారు ఆయనకే ఆ పని అప్పగించారు, సంఘమంతా ఓపికతో వినేది. అన్న ఎందుకు రావడం లేదని తిరిగి వచ్చిన వదినను సైగలతో అడిగాను. ఆమె చీరకొంగు నడుముకు చెక్కుకుని నా ఎదుట నిలబడింది.

"నీకు ఎర్క లేదా? నువ్వు పండుగకు అచ్చి పోయిన తెల్లారి ఆదివారం ఆయన చదువుటానికి లేసిండు. 'పరిశుద్ధ' అన్న కాడ ఆగింది. ఎన్కనుంచి పోరగాండ్లు 'పప్పు' అన్నరు. అందరు నవ్విన్రు. పెద్దోళ్లు గూడ నవ్విన్రు మరిదీ! ఆయన పుస్తకం మూసి కూసున్నడు. గంతే, మల్ల మందిరం మొకం చూడలే. నీకు సాలువ కప్పిన్రు, ఆయన నోరు మూసిన్రు" అంది, అంటూనే ఏడ్చేసింది.

నేను వెనకగదిలోకి పోయి మోకాళ్ల మీద పడ్డాను. "ప్రభువా" అని పిలవబోతే నోరు తిరగలేదు. "క్షమించు" అనబోతే నోరు తిరగలేదు. అప్పుడు పెదవులు కలవనక్కర లేకుండా నా నోటికి వచ్చింది ఒక్కటే: "అయ్యా... యేసయ్యా... నన్ను చూడకు, అన్నను చూడు. అన్నకు చేసినది నేనే. నేనే అయ్యా!" ఎంతసేపు అన్నానో తెలియదు. ఏళ్ల తరబడి నా ప్రార్థనలన్నీ వేషాలు ఇప్పించమని చేసినవే, ఇంకొకరి కోసం ఏడ్చిన ప్రార్థన అదే మొదటిది. లేచేసరికి ముఖం అలాగే వంకరగా ఉంది, గాని ఇక అబద్ధం చెప్పలేని మనిషిగా లేచాను.

ప్రతి ఉదయం అన్న కొబ్బరినూనె వేడి చేసి నా చెంపలకు రాసి, డాక్టరు చెప్పినట్టు కింది నుండి పైకి రుద్దేవాడు. బొగ్గు ఇరుక్కుని నీలంగా మిగిలిపోయిన గీతలున్న చేతులు అవి. ఆ ప్రార్థన చేసిన మరునాడు ఆ చేతులు పట్టుకుని, వచ్చీ రాని మాటలతో, అన్నా, తెలిసే చేశాను, ఆ రోజు నువ్వు మూడో వరుసలో ఉన్నావని చూసి కూడా చేశాను అని ఒప్పుకున్నాను. దేవుడే నా నోరు కొట్టాడు, నాకు ఇది జరగాల్సిందే అన్నాను.

అన్న తన చేతులు విడిపించుకుని నూనె గిన్నె పక్కన పెట్టాడు. తర్వాత, "దేవుడు గట్ల కొట్టడు తమ్మీ. రోగం అచ్చింది, పో... పోతది. గని నాకు చాన బాధ అయ్యింది" అన్నాడు. మళ్లీ ఆగి, "బయటోళ్లు నవ్వితే నాకు ఫికర్ లేదు, పు... పుట్టినకాడినుంచి నవ్వుతనే ఉన్నరు. మాట ఆగినప్పుడు నాకు లోపట ఎట్లుంటదో ఈ దునియల నీకొక్కనికే ఎర్క. ఎర్కుండి చేసినవ్" అన్నాడు.

ఆయన నన్ను తిట్టి ఉంటే బాగుండేదనిపించింది! ఆ రోజు ఆయన క్షమించానని అనలేదు. మరునాడు కూడా అనలేదు. కానీ నూనె రాయడం ఒక్కరోజూ మానలేదు. అలా రోజులు గడుస్తుంటే ఒక ఉదయం చెంప రుద్దుతూ రుద్దుతూ, "ఇగ ఏడ్వకు, కంట్ల మందు కారిపోతది. నేను ఇడిచిపెట్టిన, నువ్వు గూడ ఇడిచిపెట్టు" అన్నాడు. సహోదరులారా, అదే నా విడుదల! ఏ డాక్టరు ఇవ్వలేనిది, ఏ సన్మానం ఇవ్వలేనిది మా అన్న నోటి ద్వారా దేవుడు నాకు ఇచ్చాడు, ఆయనకే స్తోత్రం!

నెమ్మదిగా ముఖం కదలసాగింది. మందులు మానమని నేను ఎవరికీ చెప్పను, మాత్రలూ వాడాను, వ్యాయామమూ చేశాను, ప్రార్థనా చేశాను. మూడో నెలకు పెదవులు కలిశాయి. ఇప్పటికీ అన్నం తినేటప్పుడు ఎడమ కంట్లోనుండి నీళ్లు కారతాయి, నవ్వితే ఆ కన్ను కొంచెం మూసుకుపోతుంది. మాట తిరిగి రాగానే అయ్యగారిని సమయం అడిగి, అదే వేదిక ఎక్కాను. ఒక్క నవ్వు కూడా రాబట్టకుండా మాట్లాడటం నాకు చేతకాదు, అయినా ఆ రోజు మాట్లాడాను. మీరు నవ్వింది యోహానును చూసి, నవ్వించింది నేను, ఈ పాపం నాది అని చెప్పి, శాలువా సంఘానికి తిరిగి ఇచ్చేశాను. ఎవరూ తలెత్తలేదు. ఆ సాయంత్రం నలుగురు యౌవనస్థులు మా క్వార్టరుకు వచ్చి అన్న ఎదుట నిలబడ్డారు. అన్న వాళ్లకు కుర్చీలు వేసి, వదినతో "చాయ్ పె... పెట్టు" అన్నాడు.

అన్న మళ్లీ మందిరానికి వస్తున్నాడు, చివరి వరుసలో కూర్చుంటున్నాడు. చదవడానికి మాత్రం ఇంకా లేవలేదు. అయ్యగారు అడిగితే "జర ఆగున్రి" అంటాడు. నేను అడగను, నాకు ఆ హక్కు లేదు. నేను చేసిన గాయం ఎప్పుడు మానాలో చెప్పవలసింది నేను కాదు.

సీరియల్‌వాళ్లు పిలిచారు, వంటవాణ్ని తీర్థయాత్ర నుండి తిరిగి తెస్తామన్నారు. నత్తి లేకుండా అయితే వస్తానన్నాను. నత్తి లేకపోతే మీరెందుకండీ అన్నారు. నిజమే, వాళ్ల తప్పేమీ లేదు. ఇప్పుడు నెలలో కొద్దిరోజులు జడ్జిగానో, పెళ్లికూతురి తండ్రిగానో కనిపిస్తాను, మిగతా రోజులు బెల్లంపల్లిలో ఉంటాను. గుర్తుపట్టినవాళ్లు పప్పు మాట అడుగుతూనే ఉంటారు. అది మా అన్నదండీ, నాది కాదు అని చెబుతాను. చెప్పిన ప్రతిసారీ సిగ్గేస్తుంది. ఆ సిగ్గును తీసేయమని దేవుణ్ని అడగడం మానేశాను, అది నన్ను నిజం దగ్గర నిలబెడుతుంది గనుక.

ఇది చదువుతున్న సహోదరుడా, సహోదరీ, నీ ఇంటివాళ్లలో ఎవరి బలహీనతనైనా నలుగురిలో పెట్టి నవ్వించావేమో! రోగం వచ్చేదాకా నాలాగా ఆగవద్దు, ఈ వారమే వెళ్లి వాళ్ల చేతులు పట్టుకో. లేదా నువ్వే నవ్వులపాలై, మందిరం గడప తొక్కడం మానేసినవాడివేమో! నిన్ను చూసి నవ్వినవాళ్లలో యేసయ్య లేడు, ఆయనను నమ్ము. ఇంత నీచుణ్ని తోసివేయకుండా, నేను గాయపరచిన చేతులతోనే నన్ను బాగుచేయించిన దేవునికి మహిమ, ఘనత కలుగును గాక! బెల్లంపల్లి వైపు వస్తే మా మందిరానికి రా. ఆదివారం ఉదయం తొమ్మిదింటికి తలుపులు తీస్తారు. చివరి వరుసలో మా అన్నకు ఒక పక్కన నేను కూర్చుంటాను, రెండో పక్కన చోటు ఉంటుంది.